మొరవ పారిన రోజులు: చంద్రగిరి పక్క నీళ్ళు, లెక్కలు, పంచాయతీలు

చంద్రగిరి పక్క పాతకాలపు మనిషిని "మీదే ఊరు?" అని అడిగితే తాలూకా పేరు చెప్పేవాడు కాదు. ఊరి పేరు చెప్పి, ఆ వెంటనే "ఫలానా చెరువు కింద" అనేవాడు. పెళ్ళి సంబంధానికి వచ్చినవాళ్ళు పిల్లవాడి చదువు కంటే ముందు "నంజ (మాగాణి) ఎంత? ఏ తూము కింద?" అని కనుక్కునేవాళ్ళు. తూముకు ఆనుకున్న అరెకరా, ఆయకట్టు కొసన ఉన్న అరెకరా కాగితం మీద ఒకటే. కరువు ఏడాదిలో మాత్రం మొదటిది ఇంటిల్లిపాదికీ అన్నం పెడుతుంది, రెండోది పశువులకు గడ్డి పెడుతుంది. మా ఊళ్ళ భూగోళం, చరిత్ర, పరిపాలన మూడూ ఆ ఒక్క ప్రశ్నలోనే ఉండేవి.

ముందు నేల సంగతి. ఉత్తరాన శేషాచలం కొండలు గోడ కట్టినట్టు ఉంటాయి. ఆ కొండల్లో పడ్డ వాన బండల మీద నిలవదు. వంకలుగా చీలి గంటల్లో కిందికి దూకేస్తుంది. పాకాల పక్క కొండల్లో పుట్టిన స్వర్ణముఖి ఇటు వస్తుంది. భీమ, కల్యాణి దానికి తోడవుతాయి. ఈ మూడూ కలిసే చోట తొండవాడ దగ్గర అగస్త్యేశ్వరుడి గుడి ఉంది. అక్కణ్నుంచి ఏరు తిరుపతికి దక్షిణంగా తిరుచానూరు పక్కన పారి, గుడిమల్లం, శ్రీకాళహస్తి మీదుగా సముద్రం చేరుతుంది. జీవనది కాదు. ఏడాదిలో ఎక్కువ నెలలు ఇసుకే. పాత చిత్తూరు జిల్లాలో సగటు వాన 900 మిల్లీమీటర్లకు అటూఇటూ. పడమటి మదనపల్లె పక్క నైరుతి వానలే దిక్కు. తూర్పున ఉన్న మాకు అక్టోబర్, నవంబర్ నెలల్లో వాయుగుండం పట్టుకొస్తేనే చెరువులు నిండేది. అందుకే దసరాకు చెరువు అడుగంటి ఉన్నా ఎవరూ దిగులుపడేవారు కాదు. కార్తీకం వెళ్ళినా నిండకపోతేనే ముఖాలు వాడిపోయేవి.

ఏరు ఎండినా ఏట్లో నీళ్ళుండేవి. ఇసుకలో రెండు మూడు మూరలు తవ్వితే చెలమలో తేట నీళ్ళు ఊరేవి. మొదట ఊరిన బురద నీళ్ళు ముంతతో చేది పారబోసి, కాసేపు ఆగి బిందెలో ముంచుకునేవాళ్ళు. శుభ్రమైన ఇసుక తన పరిమాణంలో దాదాపు మూడోవంతు నీళ్ళు దాచుకుంటుంది. ఆ లెక్కన 15 అడుగుల ఇసుక మేట 5 అడుగుల చెరువుతో సమానం, పైగా ఎండకు ఆవిరి కాదు. రైతులు ఇంకాస్త పెద్ద ఎత్తున ఇదే పని చేసేవాళ్ళు. వరద తీసిన తరువాత ఏటి వాలు వెంట ఇసుకలో పొడుగ్గా కాలువ తవ్వి, ఊరిన నీళ్ళను గట్టు మీది పొలాలకు మళ్ళించేవాళ్ళు. అవే ఊటకాలువలు. ప్రతి వరదకూ పూడిపోతాయి, ప్రతి ఏడూ తవ్వుకోవాలి. ఇంటికొక మనిషి పారతో రావాలన్నది కట్టు. రానివాడు కూలి డబ్బు కట్టాలి. ఏట్లో ఇసుక లారీలకెక్కడం మొదలయ్యాక మేట దిగిపోయింది. ఏటి అడుగు పొలం మట్టం కంటే లోతుకు పోతే ఊటకాలువ నీళ్ళు పొలానికి ఎక్కవు. ఒడ్డు బావుల్లో నీళ్ళూ ఆ ఇసుకతోపాటే కిందికి పోయాయి. 1977లో కల్యాణి మీద డ్యాం వచ్చి తిరుపతికీ తిరుమలకూ తాగునీరిచ్చింది. అది కావలసిన పనే. ఇసుక పోవడం మాత్రం ఎవరికీ కావలసిన పని కాదు.

ఇక చెరువులు. ఇవి విడివిడిగా ఉండవు, గొలుసుకట్టు. పై చెరువు నిండి మొరవ (నిండిన నీళ్ళు పొర్లిపోయే అలుగు) పారితే ఆ నీళ్ళే వంకలో పడి కింది చెరువుకు చేరతాయి. మొరవ పారిన రోజు ఊరికి పండగ. ఆడవాళ్ళు పసుపు కుంకుమ తీసుకుని కట్ట మీదికి వెళ్ళి గంగమ్మకు టెంకాయ కొట్టేవాళ్ళు. పిల్లలు మొరవ రాళ్ళ దగ్గర ఎదురెక్కే చేపల కోసం గుడ్డలు పట్టుకుని నిలబడేవాళ్ళు. ఆ హోరు ఊళ్ళోకి వినిపిస్తుంటే రాత్రిపూట నిద్ర బాగా పట్టేది.

చెరువులో కట్ట, తూము, మొరవ, వరద తెచ్చే కాలువ అనే నాలుగు భాగాలు ప్రధానం. కట్టకు నీళ్ళ వైపు రాతి పరుపు ఉంటుంది, అలలు మట్టిని కొరికేయకుండా. పాత తూము చూడముచ్చటగా ఉంటుంది. చెరువు లోపల రెండు రాతి స్తంభాలు, వాటి నడుమ చిల్లులున్న అడ్డ రాళ్ళు, ఆ చిల్లుల్లోంచి నిలువుగా దిగిన కొయ్య. కొయ్య కింది కొసన బిరడా, బిరడా కింద రాతి తొట్టి కంత. కొయ్య లేపితే కంత తెరుచుకుని కట్ట అడుగునున్న సొరంగంలోంచి నీళ్ళు కాలువకు వస్తాయి. కొయ్య ఎంత లేపితే ఎన్ని నీళ్ళన్నది నీరుగంటి చేతికి తెలుసు. బిరడా అరిగినా, చుట్టూ పాత గోనెగుడ్డ చుట్టడం మరిచినా రాత్రంతా నీళ్ళు వృథాగా కారతాయి. వేసవిలో చెరువు త్వరగా ఎండిపోయిందని వాపోయే ఊళ్ళల్లో చాలాసార్లు తప్పు ఆ బిరడాది.

నీరుగంటిని గురించి నాలుగు మాటలు ఎక్కువే చెప్పాలి. పొద్దున్నే పార భుజాన వేసుకుని, ఏ కయ్యకు (మడికి) ఎప్పుడు మడవ (కాలువ నీళ్ళు మళ్ళించే గండి) తిప్పాలో ఆయనే తేల్చేవాడు. రైతు తన కయ్యకు తాను మడవ తిప్పుకోకూడదు. "మడవ ఎవురు తిప్పినారబ్బా?" అని ఆయన గెనిమ (పొలం గట్టు) మీద నిలబడి అరిస్తే, ఎంత భూమి ఉన్నవాడైనా బదులు చెప్పాల్సిందే. వంతులు పగటికీ రాత్రికీ వేరు. జాము అంటే 3 గంటలు, గడియ అంటే 24 నిమిషాలు. పగలు నీడను బట్టి, రాత్రి చుక్కలను బట్టి లెక్క. ఈ వారం రాత్రి వంతు వచ్చినవాడికి వచ్చే వారం పగలు రావాలి, ఎందుకంటే రాత్రి పారగట్టడంలో సగం నీళ్ళు కనబడని బొక్కల్లోకి పోతాయి. ఆయనకు కొంత మాన్యం ఉండేది, పైగా పంట కళ్ళంలో ప్రతి రైతూ మేర (ధాన్యంలో ఆయన వాటా) కొలవాలి. పంట బాగా పండితేనే మేర బాగా వస్తుంది కాబట్టి, కొస కయ్యకు నీళ్ళు చేర్చడం ఆయనకూ లాభమే. ఆ ఏర్పాటు ఎవరు ఆలోచించారో గానీ గొప్ప బుర్ర.

చెరువు సగమే నిండిన ఏడాది 'దామాషా' పెట్టేవాళ్ళు. ఉగాదికి ముందే రైతులంతా రచ్చకట్ట దగ్గర కూర్చుని, చెరువులో ఉన్న నీళ్ళకు ఎన్ని ఎకరాలు తడుస్తాయో తేల్చేవాళ్ళు. తూముకు దగ్గరగా అంతవరకే నాటు వేస్తారు. ఆ కొద్ది నేలను, ఎవరి పట్టా అన్నది పక్కనపెట్టి, ఆయకట్టులో ఎవరికెంత వాటా ఉందో ఆ ప్రకారం ఆ ఒక్క పంటకు పంచుకుంటారు. పది ఎకరాల రైతుకు ఎకరా, ఎకరా రైతుకు పది సెంట్లు. ఆ ఏడు తన కయ్య పరాయివాడి చేతిలో ఉన్నా తూము పక్క రైతు కిమ్మనకూడదు. కాగితం మీద ఎక్కడా లేని ఈ కట్టుబాటు తరతరాలు నడిచింది. బోర్లు పడ్డాక పోయింది. సొంత బోరున్నవాడికి దామాషా అక్కరలేదు. అతను సమావేశానికి రాకపోతే మిగిలినవాళ్ళకు పంచుకోవడానికి ఏమీ ఉండదు.

నీళ్ళ లెక్క కష్టమేమీ కాదు. ఎకరం నేల మీద అడుగు లోతు నీళ్ళంటే 43,560 ఘనపుటడుగులు. చెరువు 40 ఎకరాలు పరుచుకుని సగటున 5 అడుగుల లోతుంటే 200 ఎకరపుటడుగులు, అంటే దాదాపు 87 లక్షల ఘనపుటడుగులు. వరికి నాటు నుంచి కోతదాకా 4 అడుగుల నీళ్ళు పట్టిందనుకుంటే 50 ఎకరాలు తడవాలి. ఆవిరిగా, ఇంకుడుగా మూడోవంతు పోతే 33 ఎకరాలు. అదే చెరువులో అడుగు మందం పూడిక పేరుకుంటే 40 ఎకరపుటడుగులు, అంటే 10 ఎకరాల వరి పోయినట్టే. పూడిక తీయడం తేలిక కూడా కాదు. ఒక్క ఎకరంలో అడుగు మట్టి తీయాలంటే 100 ఘనపుటడుగుల ట్రాక్టరు లోడ్లు 435 తోలాలి. పాతకాలంలో అందుకే ఒకేసారి తీసేవాళ్ళు కారు. ప్రతి వేసవిలో రైతులు ఎవరి బండితో వాళ్ళు చెరువు మట్టి పుంజ (మెట్ట) చేలకు తోలుకునేవాళ్ళు. చెనిక్కాయ (వేరుశనగ) చేనికి ఎరువు, చెరువుకు లోతు. యూరియా బస్తా సులువుగా దొరికేసరికి ఆ బండ్లు ఆగిపోయాయి.

చెరువు తెగడానికి కారణాలు కట్ట మీద నడిస్తే కనిపిస్తాయి. ఎలుక బొక్కలు, ఎండ్రకాయల బొక్కలు, సర్కారు తుమ్మ వేళ్ళు. చెట్టు బతికున్నంత కాలం వేళ్ళు మట్టిని పట్టుకుంటాయి. కొట్టేసిన రెండేళ్ళకు వేరు కుళ్ళి అదే సన్నని గొట్టమవుతుంది. కట్ట వెనక తడి కనిపిస్తే ముందు నీళ్ళ రంగు చూడాలి. తేటగా వస్తే కంగారు లేదు, కాపలా పెడితే చాలు. బురదగా వస్తే లోపల మట్టి కోసుకుపోతోందని అర్థం, క్షణం ఆగకూడదు. అప్పుడు చాలామంది చేసే తప్పు, వెనక వైపు బొక్కలో బంకమట్టి కూరేయడం. దారి మూస్తే నీళ్ళు మరో దారి వెతుక్కుని కట్టనే లేపేస్తాయి. వెనక వైపు ముందు ఇసుక, దాని మీద కంకర, ఆపైన రాళ్ళు వేయాలి. నీళ్ళు రావాలి, మట్టి రాకూడదు. మూయడమంటూ ఉంటే చెరువు లోపలి వైపు మూయాలి, గడ్డి మోపులూ ఇసుక బస్తాలూ కంత మీదికి జారవిడిచి.

రెండో కారణం మనుషులు. ఇంకో అడుగు నీళ్ళు నిలబడాలని ఆయకట్టు రైతులు మొరవ మీద బస్తాలు పేరుస్తారు. చెరువు లోపలి అంచున దున్నుకునేవాళ్ళు తమ పైరు మునగకూడదని అదే మొరవను గడ్డపారతో తవ్వుతారు. మొదటి పనికి వరద కట్ట మీదుగా పొర్లి చెరువు తెగుతుంది, రెండో పనికి చెరువు ఎప్పటికీ నిండదు. గొలుసుకట్టులో ఒకటి తెగితే కింది చెరువులూ వరసగా తెగుతాయి. 2021 నవంబర్ వానలకు స్వర్ణముఖి మీద వంతెనలు కొట్టుకుపోయాయి, తిరుపతి వీధుల్లో పీకల్లోతు నీళ్ళు పారాయి. అదే నెలలో రామచంద్రాపురం మండలంలోని రాయలచెరువు కట్టకు గండి పడేంత పని జరిగింది. కింది ఊళ్ళన్నీ ఖాళీ చేయించి, బస్తాలు వేసి కాపాడారు. రాయలచెరువు పేరులోనే దాని వయసుంది. విజయనగరం నాటి కట్ట ఇన్ని వందల ఏళ్ళు నిలబడిందంటే, తరతరాలుగా దాని బొక్కలు పూడ్చిన పేరులేని చేతులు ఎన్నో లెక్క కట్టలేం.

కట్టించిన చేతుల లెక్క మాత్రం కొంత రాతి మీద ఉంది. తిరుమల శాసనాల్లో 15, 16 శతాబ్దాల కానుకలు చూస్తే తెలుస్తుంది. భక్తుడు దేవుడికి డబ్బిస్తాడు, ఆ డబ్బుతో గుడి గ్రామాల్లో చెరువులు, కాలువలు తవ్విస్తారు, ఎక్కువ పండిన పంటతో ఆయన పేరిట నైవేద్యం నడుస్తుంది. మొక్కుబడి ఇటు చెరువు కూడా అయింది. సొంత ఖర్చుతో చెరువు కట్టినవాడికీ, తెగిన చెరువు బాగుచేసినవాడికీ దశబంధం మాన్యాలు ఇచ్చేవాళ్ళు. పదో వంతు అని పేరులోనే ఉంది. షరతు ఒకటే, చెరువును బాగా ఉంచాలి. కడప, చిత్తూరు పక్క పాత ఇనాం లెక్కల్లో ఈ మాట పదే పదే తగులుతుంది.

చంద్రగిరి కోట కథ అందరికీ తెలిసిందే, క్లుప్తంగా చెప్పుకుందాం. వెయ్యేళ్ళ కిందట యాదవరాయలు మొదలుపెట్టారంటారు, సాళువ నరసింహుడి కాలంలో పేరెక్కింది. తళ్ళికోట యుద్ధం తరువాత పెనుకొండకు, ఆపైన ఇక్కడికి విజయనగర రాజధాని వచ్చింది. మద్రాసులో కోట కట్టుకోవడానికి 1639లో ఇంగ్లీషువాళ్ళకు చోటు దొరికింది ఈ రాజ్యం నుంచే. మూడంతస్తుల రాజమహలు రాయి, ఇటుక, సున్నంతో కట్టారు, కొయ్య వాడలేదు. ఇప్పుడది పురావస్తు శాఖ మ్యూజియం. కోట 1646లో గోల్కొండ పరమైంది, 1782లో హైదరాలీకి లొంగింది, 1792 శ్రీరంగపట్నం సంధిదాకా మైసూరు కింద ఉంది. శ్రీనివాసమంగాపురం పక్క నుంచి కొండకెక్కే శ్రీవారి మెట్టు, 2,388 మెట్లు, ఈ మండలంలోదే. కోటలో ఉన్న రాజులు ఆ దారినే కొండకెక్కేవాళ్ళని పెద్దలు చెప్పేవాళ్ళు.

రాజులు పోయాక సరిహద్దులు కాగితం మీద కదలడం మొదలైంది. 1801లో ఆర్కాటు నవాబు రాజ్యం కంపెనీ చేతికొచ్చింది. మేము ఉత్తర ఆర్కాటు జిల్లా వాళ్ళమయ్యాం. విచిత్రమేమిటంటే ఆ జిల్లా ముఖ్యపట్టణం చిత్తూరే. 1911 ఏప్రిల్ 1న చిత్తూరు జిల్లా ఏర్పడినప్పుడు ముఖ్యపట్టణం ఉన్నచోటే ఉంది, ఉత్తర ఆర్కాటే వేలూరుకు మారిపోయింది. కడప జిల్లా నుంచి మదనపల్లె, వాయల్పాడు వచ్చి చేరాయి, పుంగనూరు, కార్వేటినగరం, కాళహస్తి జమీన్లు కలిశాయి. ఆ రోజుల్లో చంద్రగిరి తాలూకా కేంద్రం, తిరుపతి ఆ తాలూకాలో ఒక ఊరు. 1886లోనే మునిసిపాలిటీ అయినా తిరుపతి వాళ్ళు భూమి కాగితానికి చంద్రగిరి కచేరీకే రావాలి. 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి, పళ్ళిపట్టు పక్క ఊళ్ళు మద్రాసుకు పోయి, సత్యవేడు పక్క ఊళ్ళు ఇటు వచ్చాయి. అందుకే ఆడికృత్తికకు కావడి ఎత్తుకుని తిరుత్తణి సుబ్రహ్మణ్యస్వామి కోసం రాష్ట్రం దాటే కుటుంబాలు మా పక్క ఇప్పటికీ ఉన్నాయి. 2022 ఏప్రిల్ 4 నుంచి చంద్రగిరి తిరుపతి జిల్లా. ఇన్నిసార్లు గీతలు మారినా ఏ చెరువు మొరవ ఏ చెరువులోకి పారుతుందో అది మాత్రం మారలేదు.

తాలూకా కచేరీ అంటే వేపచెట్టు కింద అర్జీలు రాసేవాళ్ళు, సద్దిమూట విప్పుకునే పల్లె జనం, లోపల ఎర్రగుడ్డ మూటల్లో లెక్కలు. ఊళ్ళో ఆ లెక్కలు రాసేది కరణం, శిస్తు వసూలు మునసబు. కింద తలారి, వెట్టి, నీరుగంటి. లెక్కల సంవత్సరం ఫసలీ. జులై 1న మొదలవుతుంది, ఇంగ్లీషు సంవత్సరంలోంచి 590 తీసేస్తే ఫసలీ వస్తుంది. పాత అడంగల్‌లో (ఏ పొలంలో ఏ పంటో రాసే లెక్కలో) ఫసలీ 1390 అని ఉంటే 1980 జులై నుంచి 1981 జూన్ దాకా అని చదువుకోవాలి. ఇది తెలియక ఏ ఏడాది పంటో పొరపాటు పడి దావాలు పాడుచేసుకున్నవాళ్ళున్నారు. భూమి కొలత గొలుసుతో. గొలుసు 66 అడుగులు, 100 లింకులు. పది చదరపు గొలుసులు ఎకరం. సెంటు అంటే 435.6 చదరపుటడుగులు. తిరుపతి పక్క ఇళ్ళస్థలాల అంకణం 36 చదరపుటడుగులు కాబట్టి సెంటుకు 12 అంకణాలు, కొంచెం పైన. గొలుసు పాతబడితే లింకుల కళ్ళు సాగి పొడుగవుతుంది, కొలిచిన పొలం చిన్నదిగా తేలుతుంది. అందుకే తెలివైన రైతు సర్వేయరు వచ్చినప్పుడు ముందు పాత సర్వే రాళ్ళ నడుమ దూరం కొలిపించి, పటంలోని అంకెతో సరిచూసి, ఆ తరువాతే తన గెనిమ దగ్గరికి తీసుకెళ్ళేవాడు.

మా లెక్కల్లో డైగ్లాట్ అని ఒక రిజిస్టరుంది, ఒకే పేజీలో ఇంగ్లీషు, దేశభాష. సర్వే నంబరు, నంజా పుంజా, విస్తీర్ణం, పట్టాదారు అన్నీ అందులో ఉంటాయి. పోరంబోకు (ఎవరి పట్టాలోనూ లేని సర్కారు నేల) అయితే ఎలాంటి పోరంబోకో కూడా. వంక, బాట, శ్మశానం, చెరువు. తరువాతి లెక్కల్లో ఎన్ని మార్పులొచ్చినా తగవు ముదిరితే అందరూ పరుగెత్తేది ఆ పాత రిజిస్టరుకే. చెరువు నిండు మట్టం దాకా మునిగే నేల చెరువు పోరంబోకు. కరువు వరసగా నాలుగేళ్ళు వస్తే ఆ నేల చదునైన మంచి చేనులా కనబడుతుంది. దున్నడం, శిస్తు రసీదు, ఆపైన పట్టా కోసం అర్జీ. ఐదో ఏట చెరువు నిండాక ఎవరి వైపు నిలబడాలో తెలియక ఊరు రెండుగా చీలుతుంది.

1984 జనవరిలో ప్రభుత్వం మునసబు, కరణం పదవులు రద్దు చేసింది, ఫసలీ 1393 నడుమ. వంశపారంపర్యం పోవడం న్యాయమే, ఆ పెత్తనం కింద నలిగినవాళ్ళు ఎందరో. కానీ నీరుగంటి పని కూడా ఆ కదలికలో పలచబడింది. పైగా చాలా లెక్కలు కరణాల ఇళ్ళల్లో చెక్క పెట్టెల్లో ఉండేవి. అవి కచేరీకి చేరే దారిలో చేరనివి చేరలేదు. మరుసటి ఏడు, 1985 మేలో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి. కచేరీ ఊరికి దగ్గరైంది. ముసలివాళ్ళు మధ్యాహ్నానికి పని ముగించుకుని ఇల్లు చేరే వీలు కలిగింది. ఇది పెద్ద మేలు. తాలూకా కేంద్రంగా చంద్రగిరికి ఉన్న కళ మాత్రం తగ్గింది.

పంచాయతీ కథ వేరే దారిలో వచ్చింది. 1884 చట్టంతో మద్రాసు రాజధానిలో జిల్లా బోర్డులు, తాలూకా బోర్డులు పుట్టాయి. 1934లో తాలూకా బోర్డులు పోయాయి. రోడ్డు, సత్రం, బడి, ఆస్పత్రి ఆ బోర్డులవే. జిల్లా పరిషత్ హైస్కూలును 'బోర్డు హైస్కూలు' అని పిలిచే తాతలు మొన్నమొన్నటిదాకా ఉన్నారు. 1959లో సమితులు, జిల్లా పరిషత్తులు వచ్చాయి. సమితి అంటే బీడీఓ జీపు, గ్రామసేవకుడి సైకిలు, కొత్తరకం వరి విత్తనాల మూట. 1986 చట్టంతో సమితి మండల పరిషత్ అయింది. ఇప్పటి పంచాయతీ నడిచేది 1994 చట్టం మీద. జనాభాను బట్టి 5 నుంచి 21 మంది వార్డు మెంబర్లు, ఊరంతా నేరుగా ఎన్నుకునే సర్పంచ్, మెంబర్లు ఎన్నుకునే ఉపసర్పంచ్. సర్పంచ్ ఎన్నికలో పార్టీ గుర్తులుండవు, ఎంపీటీసీ, జడ్పీటీసీలకు ఉంటాయి. ఎన్నికలు 1995, 2001, 2006, 2013, 2021లలో జరిగాయి. ఆ నడిమి ఖాళీలు ఐదేళ్ళకోసారిగా లేవన్నది చూస్తేనే తెలుస్తుంది. ఖాళీ ఏళ్ళల్లో ప్రత్యేకాధికారి పాలన. ఆయనకు నాలుగైదు ఊళ్ళుంటాయి, మా చెరువు బిరడా ఎప్పుడు అరిగిందో ఎట్లా తెలుస్తుంది?

రెవెన్యూ గ్రామం, పంచాయతీ ఒకటి కావు. చాలామందిని ఇది తికమకపెడుతుంది. రెవెన్యూ గ్రామం అంటే సర్వే పటం, దాని కింద పల్లెలూ, పేటలూ, కండ్రిగలూ, ఇండ్లూ, వాడలూ మజరాలు. పంచాయతీ జనాభాను బట్టి. ఒక రెవెన్యూ గ్రామం రెండు పంచాయతీలుగా ఉండొచ్చు. అప్పుడు చెరువు ఒక పంచాయతీలో, ఆయకట్టు ఇంకొకదానిలో పడుతుంది. చేపల వేలం డబ్బు ఒకరికి, కట్ట మరమ్మతు భారం ఇంకొకరికి. కూర్చుని మాట్లాడుకుంటే గంటలో తేలే విషయానికి ఏళ్ళ తరబడి అర్జీలు నడుస్తాయి. దీనికితోడు ఆయకట్టు 100 ఎకరాలు దాటిన చెరువు చిన్ననీటి పారుదల శాఖది, లోపలిది పంచాయతీరాజ్ పరిధిలోది. 1997 చట్టంతో నీటి సంఘాలు కూడా వచ్చాయి. అర్జీ ఏ తలుపు తట్టాలో ముందు ఆయకట్టు లెక్క చూసుకుని పోతే కాళ్ళరుగుదల తప్పుతుంది.

పంచాయతీ రాబడి మీద పాతవాళ్ళకు మంచి పట్టుండేది. ఇంటిపన్ను, దానితోపాటు రూపాయికి 8 పైసల గ్రంథాలయ సెస్సు, సంత వేలం, చేపల వేలం, బాట పక్క చింతచెట్ల కాయల వేలం. చింతచెట్ల వేలం పుష్యమాసంలో, కాయ తీరు కంటికి కనబడేటప్పుడు పెట్టాలి. ముందే పెడితే పాటదారు భయపడి తక్కువ పాడతాడు, ఆలస్యమైతే సగం కాయ రాలి, ఏరుకున్నవాళ్ళ పాలవుతుంది. టముకు ముందురోజు సాయంత్రం ఒకసారి, పొద్దున ఒకసారి వేయాలి. పక్క ఊళ్ళవాళ్ళు వస్తేనే పాట పెరుగుతుంది. బందెలదొడ్డి ఇంకొక రాబడి. పైరు మేసిన పశువును తోలుకొచ్చి దొడ్లో పెడితే, యజమాని జరిమానా, మేత ఖర్చు కట్టి విడిపించుకోవాలి. 1871 నాటి చట్టం ప్రకారం 7 రోజుల్లో ఎవరూ రాకపోతే నోటీసు, మరో 7 రోజులకు వేలం. దొడ్డి గోడలు ఇంకా కొన్ని ఊళ్ళల్లో మిగిలున్నాయి, లోపల సర్కారు తుమ్మ మొలిచింది.

చట్టంలో లేని పంచాయతీ కూడా ఒకటుండేది, తిరునాళ్ళది. ధర్మరాజుల గుడి ముందర మహాభారతం 18 రోజులు పెడితే, పగలు హరికథ, రాత్రి వీధినాటకం, అర్జునుడి తపస్సు మాను, చివర దుర్యోధన వధ, అగ్నిగుండం. ఇంటికింతని చందా, ఏ పల్లెకు ఏ రోజు ఉభయం (ఆ రోజు ఖర్చు మోసే వంతు), మాను ఎవరు మోసుకురావాలి, అంతా ముందే తీర్మానం. ఎ.రంగంపేట పశువుల పండగకు ఎద్దు కొమ్ములకు కట్టే పలకలకూ ఇట్లాంటి కట్టుబాట్లే. ఆ రోజుల్లో తపస్సు మానుకు ఇంటికొకరు వచ్చిన ఊరే, చెరువు కట్ట తెగబోయిన రాత్రి కూడా ఇంటికొకరు వచ్చేది.

ఇప్పుడు గ్రామ సచివాలయంలో కంప్యూటరు మీట నొక్కితే అడంగల్ వస్తుంది. మంచిదే. ఆ కాగితంతోపాటు ఊరి పటం నకలు కూడా తీసుకుని, ఆడి నెలలో (జులై, ఆగస్టు నడుమ), వానలకు ముందే, ఒక పొద్దున పిల్లలను వెంటబెట్టుకుని కట్ట ఈ కొస నుంచి ఆ కొస దాకా నడవండి. పటంలో వరద కాలువ ఎక్కడ గీశారో, నేల మీద అక్కడ ఏముందో చూడండి. బొక్క కనబడితే కర్ర దించి లోతు చూసి, చుట్టూ తవ్వి తడిమట్టి పొరలు పొరలుగా దిమ్మిస కొట్టాలి, పైపైన పూడిస్తే రెండు వానలకు మళ్ళీ తెరుచుకుంటుంది. తూము దగ్గరికి దిగితే రాతి స్తంభం మీద ఉలితో కొట్టిన అడ్డగీతలు కొన్నిచోట్ల ఇంకా కనిపిస్తాయి. నీరుగంటి నీళ్ళ లోతు చూసుకున్న గీతలవి. నాచు గీకితే వేలికి తగులుతాయి.